ఈల ఎవరి చేతిలో ఉంది?

పల్నాటి వీరుల కథ మౌఖిక రూపాల మీద పనిచేస్తున్న రోజుల్లో ఒక చిన్న ప్రశ్న నన్ను పట్టుకుని వదల్లేదు. కోడిపోరులో కొట్టుకునేవి కోళ్లు. నెత్తురు కారేదీ, కూలబడేదీ కోళ్లే. అయినా ఏ కథకుడూ కోడి గెలిచిందని చెప్పడు. నాగమ్మ గెలిచింది, బ్రహ్మనాయుడు ఓడిపోయాడు అంటాడు. ఇద్దరూ బరి బయట ఉన్నవాళ్లే. పుంజును ఎంచడం, మేపడం, తర్ఫీదు చేయడం, ఎప్పుడు వదలాలో ఎప్పుడు ఎత్తాలో చూసుకోవడం అన్నీ బయటివాళ్ల పనులు. గెలుపూ ఓటమీ ఆ పనులకు కూడా చెందుతాయని మన కథలకు ఏనాడో తెలుసు.

ఆటగాళ్లు పుంజులు కారు. ఆడపిల్లలు అసలే కారు. కానీ బరి బయట నిలబడి ఆటను నడిపే మనిషి ఎవరు, ఆ చోటు ఎవరికి దక్కుతుంది, ఎవరికి దక్కితే లోకం ఏమంటుంది అన్న ప్రశ్నలు మాత్రం అప్పటినుంచీ ఉన్నవే. ఇప్పుడా మనిషిని కోచ్ అంటున్నాం. స్త్రీల క్రీడల గురించి మనం రాసినప్పుడల్లా ఆడినవాళ్ల గురించే రాశాం. వాళ్ల పతకాలు, పేదరికం, పట్టుదల. ఆడించినవాళ్ల గురించి, ముఖ్యంగా ఆడించిన ఆడవాళ్ల గురించి, దాదాపు ఏమీ రాయలేదు. ఈ వ్యాసం ఆ ఖాళీ గురించి.

ముందు నాగమ్మ సంగతి. గురజాలలో నలగామరాజుకు మంత్రి ఆమె. పన్నెండో శతాబ్దంలో రాజ్యం నడిపిన స్త్రీగా కథ ఆమెను గుర్తుపెట్టుకుంది. కోడిపోరులో ఓడినవాళ్లు ఏడేళ్లు రాజ్యం విడిచి పోవాలన్నది పందెం. మాచర్ల పక్షం ఓడింది, వలస పోయింది, చివరికి కారెంపూడి యుద్ధం దాకా వచ్చింది. ఇప్పటికీ కారెంపూడిలో ఏటా జరిగే వీరారాధన ఉత్సవాల ఐదు రోజుల్లో ఒకరోజు పేరే కోడిపోరు. రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు - ఇదీ వరస. అయితే నాగమ్మ గెలిచిందని కథ ఎంత స్పష్టంగా చెబుతుందో, మోసంతో గెలిచిందని అంతకన్నా గట్టిగా చెబుతుంది. కొడుకును యుద్ధానికి సాగనంపిన ఐతాంబకు, భర్తను రణానికి పంపిన మాంచాలకు మన ప్రాంతంలో దండం పెడతారు. తానే వ్యూహం పన్నిన నాగమ్మ పేరు మాత్రం తిట్టుగా వాడతారు. గయ్యాళి ఆడదాన్ని 'నాయకురాలు నాగమ్మ' అనడం నేను చిన్నప్పటినుంచీ విన్నదే. నాగమ్మను పుణ్యాత్మురాలిగా నిలబెట్టడం నా ఉద్దేశం కాదు. వేలమంది చావుకు దారితీసిన రాజకీయంలో ఆమె కూడా భాగస్వామే. కానీ సాగనంపే స్త్రీకి గుడి, నడిపించే స్త్రీకి నింద అన్న ఈ లెక్క కోడిపోరుతో ఆగలేదు.

'కోచ్' మాట పుట్టుక కూడా సరదాగా ఉంటుంది. హంగరీలో కోచ్ అనే ఊళ్లో తయారైన గుర్రపు బండికి ఆ ఊరి పేరే వచ్చింది. అది ఐరోపా అంతా తిరిగి ఇంగ్లీషులోకి చేరింది. 1830ల ప్రాంతంలో ఆక్స్‌ఫర్డ్ విద్యార్థులు, పరీక్ష గట్టెక్కించే ట్యూటరును వేళాకోళంగా అలా పిలిచారు. విద్యార్థిని బండిలో కూర్చోబెట్టి అవతలికి చేరవేసేవాడన్న మాట. ఆ తర్వాతే అది ఆటల్లోకి వచ్చింది. తెలుగులో మనం 'శిక్షకుడు' అని రాస్తాం. సంస్కృతంలో ఆ మాట 'శక్' ధాతువు నుంచి వచ్చింది. చేయగలగాలన్న కోరిక అని దాని మూలార్థం. తెలుగులో శిక్ష అంటే దండన అయి కూర్చుంది. ఒకే మాటలో చేయగలగడమూ ఉంది, బెత్తమూ ఉంది. కోచ్ గురించి చెప్పాల్సిందంతా ఆ రెండు అర్థాల మధ్యే ఉందనిపిస్తుంది. 'శిక్షకురాలు' అన్న మాట మన పత్రికల్లో ఎంత అరుదో గమనించారా? 'మహిళా కోచ్' అనే రాస్తారు. 'పురుష కోచ్' అని మాత్రం ఎవరూ రాయరు.

కోచ్ అనే మనిషికి అమెరికా ఇచ్చినంత పీఠం మరే దేశమూ ఇచ్చినట్టు లేదు. అక్కడి ఫుట్‌బాల్లో ప్రతి ఎత్తునూ గీత బయటినుంచి కోచే నిర్ణయిస్తాడు. చాలా రాష్ట్రాల్లో ప్రభుత్వ ఖజానా నుంచి అందరికన్నా ఎక్కువ జీతం తీసుకునేది గవర్నరు కాదు, విశ్వవిద్యాలయపు ఫుట్‌బాల్ కోచో బాస్కెట్‌బాల్ కోచో. అందుకే ఆడవాళ్లు ఆ పీఠానికి ఎలా దగ్గరయ్యారో, ఎలా దూరమయ్యారో అక్కడ స్పష్టంగా కనిపిస్తుంది. పైగా పల్నాడుకు అమెరికా అంత దూరం కూడా కాదు. 1842లో గుంటూరు చేరిన లూథరన్ మిషనరీ ఫాదర్ హయ్యర్ 1849కల్లా గురజాల వచ్చాడు. తర్వాత నరసరావుపేటలో అమెరికన్ బాప్టిస్టులు స్థిరపడ్డారు. మన బళ్లలోని ఆటలకు కూడా అక్కడ ఒక వేరు ఉంది. దాని సంగతి కాసేపటికి చెబుతాను.

అమెరికన్ ఫుట్‌బాల్‌కు పితామహుడని వాల్టర్ క్యాంప్‌ను అంటారు. 1888లో ఆయన యేల్ విశ్వవిద్యాలయం జట్టుకు కోచ్ అయ్యాడు. ఆ ఏడు యేల్ 13 ఆటలు ఆడి 13 గెలిచింది. మొత్తం 698 పాయింట్లు సాధించి, ప్రత్యర్థులకు ఒక్కటి కూడా ఇవ్వలేదు. చరిత్ర పుస్తకాలు ఈ అంకెల్ని మురిపెంగా చెబుతాయి. కానీ క్యాంప్ పగలు ఒక గడియారాల కంపెనీలో ఉద్యోగం చేసేవాడు. మధ్యాహ్నం సాధన సమయానికి మైదానానికి రాలేడు. ఆ ఏడే ఆయన్ని పెళ్లాడిన ఆలిస్, రోజూ మైదానానికి వెళ్లి, గీత పక్కన నడుస్తూ, ఎవరు ఎలా ఆడారో రాసుకుని వచ్చేది. రాత్రి భార్యాభర్తలిద్దరూ ఆ కాగితాలు ముందు వేసుకుని జట్టు పెద్దలతో మాట్లాడి మర్నాటి పని తేల్చేవారు. చూసింది ఆమె, రాసింది ఆమె. పితామహుడు ఆయన. అమెరికాలో అతి మగతనపు ఆటగా పేరుపడ్డ ఆట మొదటి రోజుల్లోనే గీత పక్కన ఒక ఆడమనిషి నోటుపుస్తకం పట్టుకుని నిలబడి ఉంది. సాహిత్య చరిత్రలో భర్త రాతప్రతుల్ని తిరగరాసిన భార్యల గురించి చదివిన మనకు ఇది కొత్త కథేం కాదు.

ఆడపిల్లల ఆటల్లో మాత్రం మొదట్లో ఈల ఆడవాళ్ల చేతిలోనే ఉండేది. 1891లో స్ప్రింగ్‌ఫీల్డ్‌లోని వై.ఎం.సి.ఎ. శిక్షణ పాఠశాలలో జేమ్స్ నెయిస్మిత్ బాస్కెట్‌బాల్‌ను తయారుచేశాడు. ఆ పక్కనే ఉన్న స్మిత్ మహిళా కళాశాలలో సెండా బెరెన్సన్ అనే వ్యాయామ ఉపాధ్యాయిని దాన్ని వెంటనే అందుకుంది. లిథువేనియా నుంచి వలస వచ్చిన యూదు కుటుంబం ఆమెది. 1893 మార్చిలో ఆమె ఆడించిన ఆటకు మగవాళ్లను లోపలికి రానివ్వలేదు. న్యూ ఆర్లియన్స్‌లోని న్యూకమ్ కళాశాలలో క్లారా బేర్ ఇంకో అడుగు వేసింది. 1895లో బంతిని కొట్టకుండా పట్టుకుని విసిరే ఒక వల ఆట తయారుచేసింది. మన ఆడపిల్లల బళ్లలో ఆడే త్రోబాల్‌కూ ఆ న్యూకమ్ బాల్‌కూ పోలిక చూస్తే, ఎక్కడో చుట్టరికం ఉందనిపించక మానదు.

ఈ తల్లులకు నమస్కరించి ఊరుకుంటే మాత్రం చరిత్ర సగమే చెప్పినట్టు. బెరెన్సన్ నియమాల్లో కోర్టును మూడు భాగాలు చేసి, ఎవరి భాగంలో వాళ్లే ఉండాలన్నారు. ఎదుటివాళ్ల చేతిలోంచి బంతి లాక్కోకూడదన్నారు. అమ్మాయిలు అలిసిపోతారు, మొరటుగా తయారవుతారు అన్న భయానికి అది జవాబు. 1920ల్లో ఆడపిల్లల వ్యాయామ విద్యను నడిపిన స్త్రీలే చాలామంది పోటీలు వద్దన్నారు. గెలుపోటములు లేని 'ఆటల రోజు' జరిపి, నిమ్మరసం తాగి ఇంటికి పంపారు. అది ఒక రాజీ. 'మా పిల్లల్ని మేం చూసుకుంటాం, మీరు లోపలికి రావద్దు. దానికి బదులుగా వాళ్లు మరీ గట్టిగా పరిగెత్తకుండా చూసే పూచీ మాది.' ఆ రాజీలో ఆడవాళ్లకు ఉద్యోగాలు, గౌరవం, తమదైన చోటు దక్కాయి. మూల్యం మాత్రం పిల్లల కాళ్లు చెల్లించాయి. అయోవా రాష్ట్రంలో అమ్మాయిలు గీత దాటని ఆ పాత బాస్కెట్‌బాల్‌ను 1993 దాకా ఆడారు.

1972 జూన్‌లో టైటిల్ నైన్ చట్టం వచ్చింది. ప్రభుత్వ సొమ్ము తీసుకునే ఏ విద్యాసంస్థలోనూ స్త్రీలపై వివక్ష ఉండకూడదని చెప్పిన చట్టమది. అమ్మాయిల జట్లు పెరిగాయి, స్కాలర్‌షిప్పులు వచ్చాయి, లక్షలమంది మైదానంలోకి దిగారు. స్త్రీవాద ఉద్యమం గర్వించదగ్గ గెలుపు. ఆ గెలుపు లోపల ఒక ఓటమి దాగి ఉంది. 1972లో అమెరికా కళాశాలల్లో ఆడపిల్లల జట్లకు కోచ్‌లుగా నూటికి 90 మందికి పైగా స్త్రీలే. 2014 నాటికి 43 మంది. జట్లు ఎన్నో రెట్లు పెరిగాయి, వాటితో వచ్చిన కొత్త ఉద్యోగాల్లో ఎక్కువ భాగం మగవాళ్లకు వెళ్లాయి. మగపిల్లల జట్లకు స్త్రీ కోచ్‌లు అప్పుడూ ఇప్పుడూ చాలా అరుదే. 1971 నుంచి స్త్రీలే నడుపుకున్న ఒక కళాశాలల క్రీడా సంఘం ఉండేది. 1981-82లో మగవాళ్ల సంఘం ఆడపిల్లల టోర్నీలు కూడా మొదలుపెట్టింది. ఆ వెంటనే స్త్రీల సంఘం మూతపడింది.

ఎందుకిలా జరిగింది? చట్టం ఆడేవాళ్లకు సమానత్వం ఇచ్చింది, ఆడించేవాళ్ల గురించి ఆలోచించలేదు. జీతం లేనప్పుడు ఆ పని 'సేవ'. జీతం రాగానే 'వృత్తి'. వృత్తి కాగానే అర్హతలు, పరిచయాలు, 'మనవాడే' అన్న సిఫార్సులు వచ్చాయి. మంత్రసాని పోయి డాక్టరు వచ్చినప్పుడు, ఇంటి వంట హోటల్ వంట అయినప్పుడు జరిగిందే ఇక్కడా జరిగింది.

ఆ మార్పును తట్టుకుని నిలబడ్డవాళ్లలో ప్యాట్ సమిట్ ఒకరు. 1974లో 22 ఏళ్ల వయసులో టెనెసీ విశ్వవిద్యాలయం అమ్మాయిల బాస్కెట్‌బాల్ జట్టు బాధ్యత తీసుకుంది. నెలకు 250 డాలర్ల జీతం. వ్యాను నడిపింది, జట్టు బట్టలు ఉతికింది. 2012లో దిగిపోయేనాటికి 1,098 విజయాలు, 8 జాతీయ టైటిళ్లు. అల్జీమర్స్ జబ్బు ముదిరి 2016లో 64 ఏళ్లకే పోయింది. ఆమెను తలుచుకున్నప్పుడల్లా గుర్తుచేసేది ఆ కటువైన చూపు గురించి. అదే చూపు మగ కోచ్‌లో ఉంటే క్రమశిక్షణ అని మాత్రమే అని ఊరుకునేవారు.

శిక్షలోని రెండో అర్థం కూడా అమెరికా చూపించింది. 2021లో అక్కడి స్త్రీల ఫుట్‌బాల్ లీగులో, అంటే మనం ఫుట్‌బాల్ అనే ఆటలో, క్రీడాకారిణులు నోరు విప్పారు. ఆ ఏడాది ముగిసేసరికి 10 జట్లలో సగం జట్లు ఫిర్యాదుల వల్ల తమ కోచ్‌లను వదులుకోవాల్సి వచ్చింది. సాలీ యేట్స్ జరిపిన విచారణ 2022 అక్టోబరులో బయటికొచ్చింది. తిట్లు, అవమానాలు, లైంగిక ఒత్తిళ్లు ఒకరిద్దరు చెడ్డవాళ్ల పనులు కావని, వ్యవస్థలోనే పాతుకుపోయాయని ఆ నివేదిక తేల్చింది. ఎవరు ఆడాలో, ఎవరు బెంచీ మీద కూర్చోవాలో ఒక్కడి మాట మీద ఉన్నప్పుడు ఏ అమ్మాయి కాదనగలదు? స్త్రీలు కోచ్‌లైతే హింస ఉండదని నేననను. కానీ ఆ చోటంతా ఒకే రకం మనుషులతో నిండితే, ఫిర్యాదు చేయడానికి పక్కన మరో మనిషి ఉండదు.

ఇక ఆ వేరు సంగతి. బాస్కెట్‌బాల్ పుట్టిన స్ప్రింగ్‌ఫీల్డ్ పాఠశాలలోనే చదువుకున్న హ్యారీ క్రో బక్ అనే అమెరికన్ 1920లో మద్రాసులో వై.ఎం.సి.ఎ. వ్యాయామ విద్యా కళాశాల మొదలుపెట్టాడు. 1924 పారిస్ ఒలింపిక్స్‌కు మన అథ్లెట్లతో వెళ్లింది కూడా ఆయనే. గుంటూరు జిల్లా అప్పుడు మద్రాసు రాష్ట్రంలోదే. మన బళ్లలోని డ్రిల్లు మేష్టారు, ఆయన మెడలో ఈల, సున్నపు గీతలు, గ్రిగ్ పోటీలు - ఇవన్నీ ఆ మద్రాసు బడి నీడలో పెరిగినవే. స్ప్రింగ్‌ఫీల్డ్ నుంచి మద్రాసుకు, మద్రాసు నుంచి మన జిల్లా పరిషత్ హైస్కూలుకు వచ్చిన ఈ వరసలో ఆడవాళ్లు ఎక్కడున్నారు?

నరసరావుపేటలో రిటైరై ఉంటున్న ఒక వ్యాయామ ఉపాధ్యాయినితో ఈ మధ్య కొన్ని మధ్యాహ్నాలు గడిపాను. పేరు రాయవద్దన్నారు. 1980ల మొదట్లో ఉద్యోగంలో చేరి పల్నాడు పల్లెల్లో, పట్నాల్లో ముప్పయ్యేళ్లు పనిచేశారు. కోచ్‌గా మీ అనుభవాలు చెప్పండి టీచరుగారూ అంటే నవ్వారు.

"కోచ్ ఏందమ్మాయ్, మమ్మల్ని ఎవరన్నారు అట్టా? డ్రిల్లు టీచరమ్మ అనేవోళ్లు. మెళ్లో ఈల ఏసుకోని బజారెంట పోతుంటే కుర్రోళ్లు ఈలలేసేవోళ్లు. ఓనాడు ఆగి, నా ఈల తీసి గట్టిగా ఊదా. ఆ బజార్లో మళ్లీ ఎవడూ ఏస్తే ఒట్టు."

ఆడపిల్ల ఈల వేయకూడదని పెంచిన ఊళ్లో ఈల ఊదడమే జీతమైన స్త్రీ ఆమె. ఆమె చెప్పిన పనుల పట్టికలో ఆట ఒక వంతు మాత్రమే. ఇళ్లకు వెళ్లి తల్లిదండ్రుల్ని ఒప్పించడం, లంగా ఓణీలతో వచ్చే పిల్లలకు నిక్కరు కాకపోయినా పంజాబీ డ్రెస్సయినా వేయించడం, పోటీలకు తీసుకెళ్లినప్పుడు ఏదో బడి గదిలో వాళ్ల మధ్య పడుకోవడం, నెలసరి వచ్చిన పిల్లకు గుడ్డ వెతకడం, పులిహోర మూట మోయడం. మిరపకోతల కాలంలో జట్టు సగం పొలంలో ఉండేదట. సాయంత్రం చేలగట్టుకు వెళ్లి పిల్లను పిలుచుకొచ్చేవారట. "కబడ్డీలో కూతకు పంపాలంటే నాకు మాచర్ల వైపు తండా పిల్లలు, పేటల్లో పిల్లలే. ఊపిరి వాళ్లది. పెద్దిళ్ల పిల్లల్ని అసలు పంపేవోళ్లే కాదు" అన్నారు. ఆడపిల్ల గొంతు గడప దాటకూడదనే చోట గుక్క తిప్పకుండా కూత పెట్టే ధైర్యం ఎవరి దగ్గర ఉందో ఆ ఒక్క మాటలో తేలిపోయింది. పల్నాడులో ఆడపిల్లల ఆటల చరిత్ర రాస్తే అది చాలావరకు దళిత, సుగాలి, బహుజన ఆడపిల్లల చరిత్ర అవుతుంది.

ఆమె బాధ వేరే చోట ఉంది. ఒక ఏడాది జట్టు బాగా ఆడుతోందని పైస్థాయి పోటీలకు పిలుపొచ్చింది. స్పోర్ట్స్ కోటా మాట వినిపించింది. వెంటనే 'అసలు కోచ్' వచ్చాడు. ఆమెను పంపారు, కానీ కాగితం మీద ఆమె హోదా 'పిల్లలకు తోడు వెళ్లే ఆడమనిషి'. "పదేళ్లు ఆడించింది నేను. రైలెక్కేసరికి ఆయాగా మారా" అన్నారు. టైటిల్ నైన్ తర్వాత అమెరికాలో అంకెల్లో కనిపించినది నాకు ఆ వరండాలో ఒక మనిషి గొంతులో వినిపించింది.

ఇది పల్లెటూరి బడి సంగతేననుకోవడానికి లేదు. క్రికెట్ చూడండి. 1973లో ఏర్పడ్డ మహిళా క్రికెట్ సంఘం డబ్బు లేకుండానే దశాబ్దాలు నడిచింది. రిజర్వేషన్ లేని రైలు పెట్టెల్లో ప్రయాణాలు, డార్మిటరీల్లో పడకలు. 2006-07లో అది బి.సి.సి.ఐ.లో కలిసింది. 2005లో మిథాలీ రాజ్ నాయకత్వంలో తొలిసారి ప్రపంచకప్ ఫైనల్‌కు చేరిన జట్టుకు కోచ్ సుధా షా. తర్వాత అంజు జైన్, ఆ తర్వాత మన సికింద్రాబాదు మనిషి పూర్ణిమా రావు. 1990ల్లో దేశానికి ఆడి, నాయకత్వం వహించిన పూర్ణిమ కోచ్‌గా ఉండగానే 2016 జనవరిలో ఆస్ట్రేలియా గడ్డ మీద టి20 సిరీస్ గెలిచారు, ఆ ఏడాది చివర ఆసియా కప్ గెలిచారు, 2017 ఫిబ్రవరిలో ప్రపంచకప్‌కు అర్హత సాధించారు. ఏప్రిల్‌లో ఆమెను తప్పించారు. జూన్‌లో ప్రపంచకప్. జులై 23న లార్డ్స్‌లో ఫైనల్, 9 పరుగుల తేడాతో ఓటమి, కోట్లమంది ప్రేక్షకులు. స్త్రీల క్రికెట్‌ను దేశం కళ్లు తెరిచి చూసిన రోజది. ఆ రోజుకు మూడు నెలల ముందే ఈల చేతులు మారింది.

ఆ తర్వాత సీనియర్ జట్టుకు పూర్తికాలపు ప్రధాన కోచ్‌లుగా వచ్చినవాళ్లంతా మగవాళ్లే. 2023 జులైలో బంగ్లాదేశ్ పర్యటనకు మాత్రం నూషిన్ అల్ ఖదీర్‌ను తాత్కాలికంగా పంపారు. ఆ తాత్కాలికపు మనిషి ఎవరు? అదే ఏడాది జనవరిలో తొలి అండర్-19 ప్రపంచకప్ గెలిచిన జట్టుకు కోచ్. భారత స్త్రీల క్రికెట్‌కు అది మొట్టమొదటి ప్రపంచకప్. 2025 ఫిబ్రవరిలో ఆమె శిక్షణలోనే రెండోసారి గెలిచారు. భద్రాచలం పిల్ల గొంగడి త్రిష 309 పరుగులు, 7 వికెట్లతో ఆ టోర్నీలో ఉత్తమ క్రీడాకారిణి అయింది. 2023లో స్త్రీల ప్రీమియర్ లీగ్ జట్లను 4,669.99 కోట్లకు అమ్మారు. తొలి ఏడాది ఐదు జట్ల ప్రధాన కోచ్‌లలో ఇద్దరు స్త్రీలు, ఇద్దరూ విదేశీయులు. మన స్త్రీలు సహాయకులు, సలహాదారులు. పిల్లల్ని పెంచడానికి ఆడమనిషి, పెద్దయ్యాక నడపడానికి మగమనిషి అన్న ఇంటి నీతి స్టేడియం దాకా వచ్చింది. 2025 నవంబరులో మన స్త్రీలు ప్రపంచకప్ గెలిచినప్పుడు కడప జిల్లా అమ్మాయి శ్రీచరణిని చూసి అందరిలాగే నేనూ మురిసిపోయాను. జట్టును ఎంతో ఓర్పుగా నడిపిన అమోల్ మజుందార్ పనితనాన్ని తక్కువ చేయను. ప్రశ్న ఆయన గురించి కాదు.

కబడ్డీలో ఈ ప్రశ్నకు కాలమే ఒక జవాబిచ్చింది. 2018 జకార్తా ఆసియా క్రీడల ఫైనల్లో భారత స్త్రీల జట్టు ఇరాన్ చేతిలో 24-27 తేడాతో ఓడింది. ఇరాన్ అమ్మాయిలకు కోచ్ నాసిక్ నుంచి వెళ్లిన శైలజా జైన్. స్వదేశంలో అవకాశం రాకపోతే పరాయి దేశం పిలిచింది, వెళ్లింది. మన ఇంటి పనితనం మనమీదే గెలిచింది.

మరి మన సినిమాలు? మగ కోచ్, ఆడపిల్లల జట్టు అన్నది ఇప్పుడు హిట్టు సూత్రం. 'గురు'లో వెంకటేశ్, తమిళం నుంచి వచ్చిన 'విజిల్'లో విజయ్, 'సీటీమార్'లో గోపీచంద్. 2021లో వచ్చిన 'సీటీమార్' పేరే ఈల. అందులో ఒక అరుదైన పని చేశారు. తమన్నాను తెలంగాణ మహిళా కబడ్డీ జట్టు కోచ్ జ్వాలారెడ్డిగా చూపించారు. అయినా అమ్మాయిల భయాలు తీర్చేదీ, రౌడీలను కొట్టేదీ, ఊరిని ఒప్పించేదీ హీరోనే. ఊరిని ఒప్పించే పని నిజంగా చేసింది ఎవరో నాకు నరసరావుపేట వరండాలో తెలిసింది. హైదరాబాదు ఫుట్‌బాల్ గురువు ఎస్.ఎ. రహీమ్ మీద 2024లో హిందీలో 'మైదాన్' వచ్చింది. బడిపంతులుగా మొదలై 1951, 1962 ఆసియా క్రీడల్లో దేశానికి బంగారు పతకాలు తెచ్చిన మనిషి ఆయన, ఆ సినిమా రావలసిందే. పూర్ణిమ మీద ఎప్పుడొస్తుంది?

'ఆట తెలిస్తే చాలు, ఆడా మగా ఏమిటి' అని అడిగేవాళ్లుంటారు. సబబైన ప్రశ్నే. మిథాలీని చిన్నప్పుడు తీర్చిదిద్దిన సంపత్ కుమార్ మగవాడే. 1985 నుంచి కనెక్టికట్ విశ్వవిద్యాలయం అమ్మాయిలను నడిపిస్తూ 12 టైటిళ్లు గెలిపించిన జీనో ఆరియెమ్మా మగవాడే. మగ కోచ్‌లు వద్దని ఎవరూ అనడం లేదు. తలుపు ఒకవైపే ఎందుకు తెరుచుకుంటుందని అడుగుతున్నాం. మగవాడు ఆడపిల్లల జట్టును నడపడం సహజం. ఆడది మగపిల్లల జట్టును నడిపితే వార్త. 2020 డిసెంబరు 30న అమెరికా ఎన్.బి.ఎ.లో శాన్ ఆంటోనియో ప్రధాన కోచ్‌ను రెఫరీలు బయటికి పంపేస్తే, సహాయకురాలు బెకీ హామన్ మిగతా ఆట నడిపింది. అది ప్రపంచ వార్త అయింది. అక్కడ ప్రధాన కోచ్ పదవి మాత్రం ఇప్పటిదాకా ఏ స్త్రీకీ దక్కలేదు. మన హైస్కూలులో మగపిల్లల వాలీబాల్ జట్టును టీచరమ్మకు అప్పగిస్తారా? అక్కడినుంచి మొదలుపెడితే తెలుస్తుంది ఆట తెలియడం ఒక్కటే చాలో లేదో.

పల్నాడులో ఇది పదవుల లెక్క మాత్రమే కాదు. పదో తరగతి అయ్యాక పిల్లకు సంబంధం చూడాలా, ఇంకో ఏడు ఆడనివ్వాలా అన్నది ఒక ఇంటి అరుగు మీద తేలుతుంది. ఆ అరుగు ఎక్కి 'నేనున్నాను, పంపండి' అని చెప్పగలిగే మనిషి ఉంటే ఒక జీవితం మలుపు తిరుగుతుంది. అంతకన్నా పెద్ద విషయం ఇంకొకటి. ఆడడం అయిపోయాక ఏమవుతామో ఆ పిల్లకు చూపించేది కూడా ఆ మనిషే. పాతికేళ్లకు కాళ్లు అలిసిపోతే ఆటతో బంధం తెగిపోవాలా? ఆటలో తాను సంపాదించిన తెలివికి విలువ ఉంటుందని, దానితో బతకవచ్చని, పదిమందికి ఆజ్ఞ ఇవ్వవచ్చని ఆమెకు ఎవరు చెబుతారు?

సాహిత్యం చదువుకున్నదాన్ని, నాకు చేతనైన పని ఒకటే తెలుసు. పేర్లు పోగుచేయడం. మన జిల్లా పరిషత్ బళ్లలో, మునిసిపల్ ఆడపిల్లల హైస్కూళ్లలో, మిషన్ బళ్లలో పాత గ్రూపు ఫొటోలు ఇంకా గోడల మీద ఉన్నాయి. కప్పు పట్టుకుని కూర్చున్న పిల్లలు, మధ్యలో హెడ్మాస్టరు, చివర చీరకొంగు నడుముకు చుట్టి నిలబడ్డ ఒక స్త్రీ. కింద రాసిన పేర్లలో చాలాచోట్ల ఆమె పేరు లేదు. ఆ ఫొటోల్లోని పిల్లలు ఇప్పుడు నలభైల్లో, యాభైల్లో ఉన్నారు. వాళ్లకు ఆమె పేరు గుర్తుంది. ఈ పత్రిక పాఠకుల్లో టీచర్లున్నారు, పరిశోధకులున్నారు. ఒకనాడు కూత పెట్టినవాళ్లూ ఉండే ఉంటారు. మీ ఊరి డ్రిల్లు టీచరమ్మ పేరు, ఆమె ఆడించిన ఆటలు, ఆమె ఎక్కిన అరుగులు రాసి పెట్టండి. ఆమె బతికి ఉంటే వెళ్లి అడగండి. అడిగేటప్పుడు మాత్రం కోచ్ అనే పిలవండి. నవ్వుతుంది, తర్వాత చెబుతుంది.